మూడో గది ఖరీదు

కుట్టు దుకాణం,
జనవరి 9

వదినగారికి,

నిన్న మీకు ఫోన్ చేసి తప్పు చేశాను. నేను "ఇల్లు" అంటే మీరు "ఎవరికి ఒళ్ళు బాగాలేదు" అన్నారు. "అందరూ బాగున్నారు, ఇల్లు కొంటున్నారు" అని అరిచాను. మీరు "కళ్ళా, ఏ కన్ను" అన్నారు. దుకాణంలో యూనిఫారాలకి కొలతలివ్వడానికి వచ్చిన తల్లులందరూ మూతికి చెయ్యి అడ్డం పెట్టుకున్నారు. పాతికేళ్ళు అచ్చుయంత్రాల పక్కన కూర్చుని ప్రూఫులు దిద్దిన చెవులు మరి అంతకన్నా ఏం పనిచేస్తాయి. మీరు ఎప్పుడూ అనేదే నిజం, మనిద్దరికీ ఉత్తరాలే నయం.

ఇంతకీ కబురేమిటంటే, మావాడూ మీ అమ్మాయీ ఫ్లాటు చూశారు. మా ఇంటి నుంచి బస్సులో గంట దూరం. మూడో అంతస్తు, మూడు పడగ్గదులు. వంటింటి కిటికీలోంచి చూస్తే నీళ్ళ ట్యాంకూ, దాని వెనకాల కాస్తంత ఆకాశమూ కనిపిస్తాయి. ధర యాభై లక్షలు. పిల్లలు దాచుకున్నది పది ఉంది. మిగతా నలభై బ్యాంకు ఇస్తుందట. బిల్డరుకి లక్ష అడ్వాన్సు ఇచ్చేశారు కూడా. మార్చి ఆఖర్లో సంతకాలు.

"నెలకి ఎంత కట్టాలిరా" అని అడిగాను.

"ముప్ఫై వేల చిల్లరమ్మా. ఇప్పుడు అద్దె పాతిక వేలు ఎవరికో పోస్తున్నాం కదా. ఇంకో ఐదు వేలు కలిపితే ఇల్లు మనదే" అన్నాడు.

"ఎన్నాళ్ళు?"

"ముప్ఫై ఏళ్ళు."

ఐదు వేలకి ఇల్లొస్తుంటే ఎవరు వద్దంటారు చెప్పండి. నేను కాపురానికి వచ్చాక పదకొండు అద్దె ఇళ్ళు మారాను. ఒక ఇంట్లో ఓనరు గోడకి మేకు కొట్టనిచ్చేవాడు కాదు. మా పెళ్ళి ఫోటో నాలుగేళ్ళు బీరువా మీద పడుకునే ఉంది. ఇంకో ఇంట్లో చెప్పకుండా నీళ్ళు కట్టేసేవారు. మావాడు చిన్నప్పుడు ఒంటినిండా సబ్బుతో పెరట్లో నిలబడి ఏడ్చిన రోజు ఇంకా నా కళ్ళ ముందే ఉంది. అందుకే వాడు ఇల్లు అనగానే నాకు లెక్కలు గుర్తు రాలేదు, ఆ సబ్బే గుర్తొచ్చింది.

మూడో గది ఎవరికని నేను అడగలేదు. అడక్కుండానే అర్థమైంది. నాకు సంతోషమే, మీరేమీ మొహమాటపడకండి.

మా ఆయన మధ్యాహ్నం బస్సు డ్యూటీ దిగి వస్తూ స్టాంపులు తెస్తానన్నారు. తెస్తే ఇది ఇవాళే వెళ్తుంది. మరిచిపోతే తేదీ చూసి ఎవరిని తిట్టుకోవాలో మీకే తెలుస్తుంది.

మీ వదిన


ప్రెస్సు, పైగది,
జనవరి 24

వదినగారికి నమస్కారాలు.

అన్నయ్యగారు స్టాంపులు మరిచిపోయారని తేదీ చూసి తెలుసుకున్నాను. తిట్టుకోలేదు.

ఇల్లు సంగతి చదివి సంతోషించాను. పదకొండు ఇళ్ళు మారిన మనిషికి ఆ సంతోషం ఎంతో నాకు తెలుస్తుంది. నేను ఒక్క ఇంట్లోనే ఉన్నాను, ఈ ప్రెస్సు మీద గదుల్లోనే అమ్మాయిని పెంచాను. కింద యంత్రం తిరుగుతుంటే మంచం కూడా తిరిగేది. మా ఆయన పోయాక ఆ చప్పుడే తోడనిపించింది.

మూడో గది గురించి మీరు రాసింది నాకూ అర్థమైంది. ఇంట్లో పెద్దవాళ్ళు ఉంటే పిల్లలకి మంచిదే. అంతకాలం అద్దె ఇళ్ళలో నలిగినవారికి ఒక సొంత గది ఉండడం న్యాయం. నేను మొహమాటపడడానికి ఏముంది. అప్పుడప్పుడూ చూసిపోతాను.

ఒక్క చిన్న అనుమానం. ప్రూఫులు దిద్దేవాళ్ళ జబ్బు ఇది, అంకె కనబడితే ఒకసారి కూడి చూడకుండా ఉండలేం. ముప్ఫై వేలని పన్నెండుతో హెచ్చించి, దాన్ని మళ్ళీ ముప్ఫైతో హెచ్చించాను. కోటీ ఎనిమిది లక్షలు వచ్చింది. ఎక్కడో ఒక సున్నా ఎక్కువ పడిందనుకుని కొట్టేసి మళ్ళీ చేశాను. మళ్ళీ అదే. నలభై లక్షల అప్పుకి కోటీ ఎనిమిది లక్షలు ఎందుకు కడతారు? మీరు రాసిన అంకెల్లో ఏదో అచ్చుతప్పు ఉంటుంది. అబ్బాయిని ఒకసారి అడిగి చెప్పండి.

అమ్మాయి ఆదివారాలు కూడా ఆఫీసుకి వెళ్తోందట. రోజంతా చెవులకి హెడ్‌ఫోను పెట్టుకుని ఎవరెవరి ఫిర్యాదులో వినడం. "ఇప్పటి నుంచే అలవాటు చేసుకోవాలమ్మా, వాయిదాలు మొదలైతే తప్పదు" అంది. ఫోన్లో దాని గొంతు ఒక్కటే నాకు అందుతుంది, అది అలసిపోయి ఉంది. లేక నా చెవికి అలా వినిపించిందో.

ఉంటాను.
వదిన


కుట్టు దుకాణం,
ఫిబ్రవరి 6

వదినగారికి,

మీ ఉత్తరం చదివి ముందు కాస్త ఒళ్ళు మండింది. దాచడం ఎందుకు. నా అంకెల్లో అచ్చుతప్పేమిటండీ. నేను అంగుళం తేడా వస్తే మొత్తం చొక్కా విప్పి కుట్టే మనిషిని.

అయినా పిల్లల దగ్గరికి వెళ్ళినప్పుడు మావాణ్ణి అడిగాను. వాడు లిఫ్టులు బాగుచేసి వచ్చి చేతులు కడుక్కుంటున్నాడు. "అంకెలు కరెక్టేనమ్మా. లోను అంటే అందరూ అలాగే కడతారు. దాన్ని మొత్తం కలిపి చూడకూడదు, నెలనెలా చూసుకోవాలి" అన్నాడు. తర్వాత తువ్వాలుతో చేతులు తుడుచుకుంటూ, "అత్తయ్యకి నేను ఇల్లు కొనడం ఇష్టం లేదా? నా జీతం చాలదనుకుంటున్నారా?" అన్నాడు. "ఏమోరా, సున్నా ఎక్కువైందని రాశారు" అన్నాను. అంతే వదినా, నేనింకేమీ కలపలేదు.

నేను ఎంబ్రాయిడరీ మిషన్ వాయిదాల మీదే తీసుకున్నాను. సగం వాయిదాలు కట్టేసరికి సగం అప్పు తీరింది. ఇదీ అంతేగా. పదిహేనేళ్ళకి సగం తీరుతుంది. మధ్యలో చేతికి నాలుగు డబ్బులొస్తే మిగతాది ఒకేసారి పడేస్తారు. మీరు ఊరికే బెంగపడుతున్నారు.

ఇక అసలు పని. మూడో గదికి పరదాలు నేనే కుడతాను. గది తూర్పు వైపు, పొద్దున్నే ఎండ పడుతుంది. మీకు ఏ రంగు ఇష్టమో రాయండి. బట్ట తెచ్చి పెట్టుకుంటాను. మంచం కిటికీ పక్కన వేస్తే బాగుంటుందా, గోడవారకి వేస్తే బాగుంటుందా, అది కూడా చెప్పండి.

ఈ నెలంతా స్కూలు ఆర్డర్లు. ఏడో తరగతి పిల్లలు కొలతలిచ్చిన వారానికే పొడుగైపోతారు, ఆ తల్లులు నన్ను అంటారు. సెలవు.

వదిన


ప్రెస్సు, పైగది,
ఫిబ్రవరి 21

వదినగారికి నమస్కారాలు.

అచ్చుతప్పు అన్నందుకు మన్నించండి. మీ అంకెలు కరెక్టు. ఆ సంగతి నేను మా ఊరి బ్యాంకులో, ఊరందరి ముందూ తెలుసుకున్నాను. ఎలాగో రాస్తాను, మీరు కూర్చుని చదవండి.

అబ్బాయి లోను తీసుకునే బ్యాంకుదే ఒక శాఖ మా వీధి చివర ఉంది. లోన్ల బల్ల దగ్గర ఒక అమ్మాయి కూర్చుంది. "ఇంటి లోను గురించి తెలుసుకోవాలమ్మా" అన్నాను. ఏదో అంది. వినబడలేదు. "నాకు చెముడు, కాస్త గట్టిగా చెప్పు" అన్నాను.

ఆ పిల్ల చాలా మంచిది వదినా. నిజంగానే గట్టిగా చెప్పింది.

"ఎంత కావాలండీ?"

"నలభై లక్షలు. ముప్ఫై ఏళ్ళకి."

"మీకా అండీ? మీ వయసుకి ఇవ్వరండీ." వెనక క్యూలో ఎవరో నవ్వారు.

"నాకు కాదు, పిల్లలకి. మొత్తం ఎంత కట్టాలో చెప్పు."

"నెలకి ముప్ఫై వేల ఏడు వందల యాభై ఏడండీ."

"నెలకి కాదమ్మా. ముప్ఫై ఏళ్ళకీ కలిపి."

ఆ పిల్ల కంప్యూటరు వైపు చూసింది. ఆ ప్రశ్న ఎవరూ అడగరు కాబోలు, కాసేపు పట్టింది. తర్వాత నా కోసం గొంతు పెంచి, "కోటీ పది లక్షల డెబ్బై రెండు వేలండీ" అని చెప్పింది.

అంతసేపూ గోలగా ఉన్న హాలు చప్పబడిపోయింది. నాకే తెలిసిందంటే చూసుకోండి. నా వెనకాల పెద్దమనిషి ఒకాయన చేతిలో కాగితాలు మడిచి సంచిలో పెట్టేసుకున్నాడు. ఇంకొకావిడ ముందుకొచ్చి, "అమ్మాయీ, నాది ఇరవై రెండు లక్షలు, ఇరవై ఐదేళ్ళు, నాది కూడా చెప్పు" అంది. మేనేజరు అద్దాల గదిలోంచి తల బయట పెట్టి చూశాడు. చూసి మళ్ళీ లోపలికి వెళ్ళిపోయాడు.

మీ మిషన్ సంగతి కూడా అడిగాను. మొదటి ఏడాది ఎంత అప్పు తీరుతుందని. పిల్ల ఈసారి కాస్త గొంతు తగ్గించింది. నేను చెయ్యి చెవి దగ్గర పెట్టుకోగానే మళ్ళీ పెంచింది. మొదటి ఏడాది మనవాళ్ళు కట్టేది మూడు లక్షల అరవై తొమ్మిది వేలు. అందులో అసలుకి వెళ్ళేది ముప్ఫై వేల చిల్లర. మిగతాదంతా వడ్డీ. ఐదేళ్ళు కడితే, పద్దెనిమిది లక్షల పైన కట్టాక, అసలు తగ్గేది లక్షా ఎనభై వేలు. "మొదట్లో అప్పు పెద్దది కదండీ, వడ్డీ కూడా పెద్దదే. వాయిదాలో ముందు వడ్డీ తీసేసుకుని మిగిలినదే అసలుకి వేస్తాం. అందుకే మొదట్లో అసలు తగ్గదు" అంది. పాతికేళ్ళుగా నేను దిద్దుతున్న భాషలో ఆ మాటకి రెండు అర్థాలున్నాయి. ఈ లోనులో రెండూ నిజమే.

ఇంకో మాట కూడా చెప్పింది. వడ్డీ ఎప్పుడూ ఇంతే ఉంటుందని లేదట. ఇప్పుడు ఎనిమిదిన్నర. అది తొమ్మిదైతే, వాయిదా పెంచకుండా ఉంచితే, ముప్ఫై ఏళ్ళు కాస్తా నలభై దాటిపోతాయట. అందుకే అప్పుడు వాయిదా కూడా పెంచుతారట. అబ్బాయికి ఇప్పుడు ఇరవై తొమ్మిది. మీరే కూడి చూసుకోండి.

ఇదంతా అమ్మాయికి ఫోన్లో చెప్పాను. "గది తగ్గించుకుని చిన్న ఫ్లాటు చూసుకోకూడదా" అన్నాను. "అమ్మా, ఆ గది మాట మాత్రం ఎత్తకు" అని పెట్టేసింది. నా కూతురు నాతో అలా ఎప్పుడూ మాట్లాడలేదు.

వదినగారూ, మీరూ అన్నయ్యగారూ పిల్లల దగ్గరికి వెళ్ళి ఉండడం నాకు ఏమాత్రం అభ్యంతరం కాదు. మీ గదికి పరదాల రంగు నన్ను అడగడం మీ పెద్ద మనసు. నీలం వేసుకోండి, మీకు బాగుంటుంది. మంచం ఎటు వేసుకుంటే మీకు నిద్ర పడుతుందో నాకెలా తెలుస్తుంది. నా బాధల్లా ఒకటే, ఆ పిల్లలు అరవై ఏళ్ళు వచ్చేదాకా ఆదివారం లేకుండా బతకాలా అని.

ఎక్కువ రాసి ఉంటే క్షమించండి.

వదిన


ఇంటి నుంచి (దుకాణం ఇవాళ మూసేశాను),
మార్చి 3

వదినా,

ఇవాళ గారూ గీరూ ఏమీ లేవు. మీ ఉత్తరం చదివి నవ్వాగలేదు. మేం వెళ్ళడమేమిటి? ఆ గది మీ కోసం కదా.

నేను మొదటి ఉత్తరంలో రాసింది మీ గురించి. మీరు ఒక్కరే ఉంటున్నారు, పిల్ల మిమ్మల్ని తెచ్చుకోవాలనుకుంటోంది, నేను అత్తగారిని కాబట్టి ఎక్కడ ముఖం మాడ్చుకుంటానో అని చెప్పలేకపోతోంది అనుకున్నాను. అందుకే పెద్ద గొప్పగా "మొహమాటపడకండి" అని రాశాను. పరదాలు మీకు. మంచం మీకు. మీరేమో నన్ను నీలం వేసుకోమంటారు. మా ఆయనకి చదివి వినిపిస్తే, "నేను ఈ జన్మలో స్టీరింగు వెనకాల సీటు తప్ప ఏ గదీ అడగలేదు, నన్నెందుకు లాగారు" అన్నారు.

మధ్యాహ్నం బస్సెక్కి పిల్లల దగ్గరికి వెళ్ళాను. వెళ్ళేసరికి ఇల్లంతా మూగనోము పట్టినట్టుంది. మీ అమ్మాయి వంటింట్లో, మావాడు వరండాలో. "ఉప్పెక్కడుందో ఆయన్ని అడగండి అత్తయ్యా" అంటుంది. వాడేమో "డబ్బాలో ఉందని చెప్పమ్మా" అంటాడు. మధ్యలో నేను ఉప్పు మోసుకుంటూ తిరిగాను. ఇద్దరినీ కూర్చోబెట్టి అడిగాను. ఏమైందో వినండి.

వాడికి నేను మీ సున్నా సంగతి చెప్పానా. వాడు అత్తగారి దృష్టిలో నేను చేతకానివాణ్ణి అనుకున్నాడు. అక్కడి నుంచి రాత్రి పూట లిఫ్టుల పనికి కూడా ఒప్పుకున్నాడు. మీరు అమ్మాయికి గది తగ్గించమన్నారా. మేం వస్తామని ఆశపడుతుంటే మీరు అడ్డుపడుతున్నారని ఆ పిల్లకి సిగ్గేసింది. "ఆ గది మీ అమ్మకి కూడా కదా, వద్దని మీరే చెప్పండి" అని ఈ పిల్ల, "నేనెలా చెప్తాను, మీ అమ్మ కూడా వస్తుందిగా" అని వాడు. వారం రోజులుగా ఇదే.

"అసలు ఆ గది ఎవరిదర్రా" అన్నాను.

ఇద్దరూ ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. "ఇద్దరమ్మలదీ" అంది మీ అమ్మాయి. "ఎవరికి ఎప్పుడు అవసరమైతే వాళ్ళకి. ముందే చెబితే వద్దంటారని చెప్పలేదు." అని ఏడ్చింది. మావాడు లేచి ఆ పిల్లకి నీళ్ళు తెచ్చాడు. గ్లాసు తనే అందించాడు, నన్ను మోయమనలేదు.

వదినా, నేను ఈ దుకాణం వదిలి ఎక్కడికీ వెళ్ళను. పైగా రెండు రోజులు దాటితే మా కోడలి వంటింట్లో నాకు చెయ్యాడదు, ఆవిడకి నోరాడదు. మీ సంగతి చెప్పండి. మీరు వస్తారా, రారా? వస్తానంటే ఆ గది ఉంచాల్సిందే, ఎంతైనా సరే. మొహమాటం లేకుండా, ఒక్క ముక్కలో రాయండి. సంతకాలు నెలాఖరుకే.

వదిన


ప్రెస్సు, పైగది,
మార్చి 8

వదినా,

రాను.

ఒక్క ముక్కలో రాయమన్నారు, రాశాను. ఇప్పుడు మిగతా ముక్కలు. నాకు ఈ ప్రెస్సు ఉంది, ఈ వీధి ఉంది. ఇక్కడ నా చెవుల సంగతి అందరికీ తెలుసు, కూరగాయలబ్బాయి కూడా వేళ్ళతోనే ధర చెప్తాడు. ఏడాదికి పది రోజులు వస్తాను, హాల్లో చాప వేస్తే పడుకుంటాను. మీరూ అదే సమయానికి వస్తే ఇద్దరం పడుకుందాం. మీరు మాట్లాడుతూ ఉండండి, నేను వినబడినంత వరకూ వింటాను.

మీ ఉత్తరం చదివి బుగ్గలు నొప్పి పుట్టేలా నవ్వాను. రెండు నెలలుగా మీ మీద ఎంత ఉదారంగా ఉన్నానో తలుచుకుంటే నాకే సిగ్గుగా ఉంది. నీలం పరదాలని రాసిన రాత్రి అన్నం కూడా సరిగా తినలేదు.

ఇవాళ పొద్దున మళ్ళీ బ్యాంకుకి వెళ్ళాను. ఆ పిల్ల నన్ను చూడగానే లేచి, పక్కనున్న చిన్న గదిలోకి తీసుకెళ్ళి తలుపు వేసింది. మేనేజరు చెప్పాడట. అదే బిల్డింగులో రెండు గదుల ఫ్లాటు ముప్ఫై ఎనిమిది లక్షలకి ఉందని అమ్మాయి మొదట్లో రాసింది. అంటే ఆ మూడో గది కోసం తీసుకునే అప్పు పన్నెండు లక్షలు. ముప్ఫై ఏళ్ళలో ఆ పన్నెండుకి కట్టేది ముప్ఫై మూడు లక్షలు. మనిద్దరం ఏడాదికి పది రోజులు పడుకునే గది వదినా. అంత ఖరీదైన నిద్ర నాకు పట్టదు.

చిన్న ఫ్లాటుకైతే అప్పు ఇరవై ఎనిమిది లక్షలే. దాన్ని ఇరవై ఏళ్ళకి పెట్టుకుంటే నెలకి ఇరవై నాలుగు వేల మూడు వందలు. ఇప్పుడు కట్టే అద్దె కన్నా తక్కువ. నేను మళ్ళీ సున్నాలు లెక్కపెట్టాను. "ఇంకో మాటండీ" అంది ఆ పిల్ల. "ముప్ఫై వేల ఏడొందలు కట్టడానికి వాళ్ళు ఎలాగూ సిద్ధపడ్డారు కదా. వీలైన నెలల్లో అంతే కట్టమనండి. ఎక్కువ కట్టినదంతా నేరుగా అసలుకే పోతుంది. అలా కడుతూ పోతే పన్నెండేళ్ళ చిల్లరలో తీరిపోతుంది. మొత్తం నలభై ఐదు లక్షలు. చేతిలో లేని నెల ఇరవై నాలుగు వేలే కట్టమనండి, ఎవరూ ఏమీ అనరు." ముందుగా కడితే జరిమానా ఉందేమో కాగితాల్లో చూసుకోమని కూడా చెప్పింది.

ఒక పక్క కోటీ పది, ఒక పక్క నలభై ఐదు. నెలకి కట్టేది అంతే. తేడా ఒక గదీ, పద్దెనిమిదేళ్ళూ.

ఈ సంగతి మనం విడివిడిగా పిల్లలకి చెప్పొద్దు. మీరు మీవాడికి చెప్పి, నేను నా పిల్లకి చెబితే ఈసారి ఏకంగా విడాకుల దాకా వెళ్తుంది. శనివారం బస్సుకి వస్తున్నాను. ఇద్దరం ఒకే సోఫాలో కూర్చుని చెబుదాం. నేను మరీ అరిస్తే కాలు తొక్కండి.

వదిన


కుట్టు దుకాణం,
ఏప్రిల్ 26

వదినా,

కాలు వాపు ఈపాటికైనా తగ్గిందా. నేను మరీ గట్టిగా తొక్కాను కాబోలు.

మీరు బస్సెక్కిన తర్వాత జరిగింది చెప్తాను. మావాడు రెండు రోజులు మొహం మాడ్చుకుని తిరిగాడు. చిన్న ఫ్లాటుకి బాల్కనీ కూడా చిన్నదే, అదొక దిగులు. స్నేహితులందరికీ మూడు గదులని చెప్పేశాడు, అది ఇంకో దిగులు. మూడో రోజు వాడే కాగితం తీసుకుని అంతా మళ్ళీ మొదటి నుంచి లెక్క కట్టాడు. కట్టి, "అమ్మా, నాకు నెలకి ఐదు వేలే ఎక్కువ అని చెప్పారు, నేను అక్కడే ఆగిపోయాను" అన్నాడు. "నేనూ సబ్బు దగ్గరే ఆగిపోయాన్లేరా" అన్నాను. వాడికి అర్థం కాలేదు, నేను చెప్పలేదు.

బిల్డరు అడ్వాన్సు వెనక్కి ఇవ్వనన్నాడు. మీ అమ్మాయి మాట్లాడింది. పొద్దస్తమానం జనం అరుపులు విని విని ఆ పిల్లకి ఓపిక ఎంతుందో మనకి తెలియదు. నవ్వుతూనే గంటసేపు కూర్చుందట. చివరికి బిల్డరే విసిగిపోయి, పదివేలు మినహాయించుకుని మిగతాది చిన్న ఫ్లాటుకి జమ వేసుకున్నాడు. కాగితాలకీ రిజిస్ట్రేషనుకీ మేమెవ్వరం అనుకోనంత అయింది. దానికి వాళ్ళు వేరే దాచలేదు. మా ఆయన ఊరుకుని ఊరుకుని, "బస్సు టిక్కెట్టు మీద కూడా అన్నీ కలిపే వేస్తారు, ఇళ్ళకేమొచ్చింది" అన్నారు. టీవీ కొనడం మానేసి, నా చీటీ డబ్బు కలిపి అది సర్దారు.

ఇల్లు మారారు. రాత్రి లిఫ్టుల పని వాడు మానేశాడు. ఆదివారాలు ఈ పిల్ల మానేసింది. మొదటి వాయిదాయే ఎక్కువ కట్టారు. మిగతాది మీరు వచ్చినప్పుడు చూద్దురుగాని.

వదిన


కుట్టు దుకాణం,
డిసెంబరు 2

వదినా,

ఒక సంగతి మీకు చెప్పొద్దని మీ అమ్మాయి నా చేత ఒట్టు వేయించుకుంది. ఇంతకుముందు మనం చెప్పకుండా ఊరుకుని ఏం సాధించామో చూశాం కాబట్టి చెప్పేస్తున్నాను. కంగారుపడకండి, చివరి దాకా చదవండి.

రెండు నెలల క్రితం ఆ పిల్ల ఉద్యోగం పోయింది. ఆ ఆఫీసు వాళ్ళు ఒక అంతస్తు అంతస్తే ఎత్తేశారు. సంగతి తెలియగానే దుకాణం మూసి బస్సెక్కాను. వెళ్ళేసరికి ఆవిడగారు పొద్దెక్కేదాకా పడుకుని ఉంది. "వారం రోజులు నిద్రపోతాను అత్తయ్యా, తర్వాత చూద్దాం" అంది. "మరి వాయిదా?" అన్నాను. "ఇరవై నాలుగు వేలేగా, ఆయన జీతంలో వెళ్ళిపోతుంది. ఎక్కువ కట్టడం కొన్నాళ్ళు ఆపేశాం" అని దుప్పటి కప్పుకుంది.

వారం అయ్యాక పాత ఆఫీసు లాంటివే రెండు పిలుపులొచ్చాయి. వెళ్ళలేదు. వీధి చివర మొక్కలమ్మే నర్సరీలో చేరింది. నారు పోయడం, కుండీలు మార్చడం, వచ్చినవాళ్ళకి ఏ మొక్క ఎండకి తట్టుకుంటుందో చెప్పడం. జీతం ఎంతని అడిగాను. చెప్పింది. మునుపటిలో సగం కన్నా కాస్త ఎక్కువ. నా నోటి దాకా ఏదో వచ్చింది. మింగేశాను. మీరూ మింగేయండి.

నిన్న చెప్పకుండా వెళ్ళాను. సాయంత్రం ఆరు కూడా కాలేదు. తలుపు తీసే ఉంది. ఇద్దరూ నేల మీద కూర్చుని దోసకాయ కోసుకుని ఉప్పు అద్దుకుని తింటున్నారు. ఆ పిల్ల గోళ్ళ నిండా మట్టి. వాడేదో చెబితే పడీ పడీ నవ్వుతోంది. కాసేపు గుమ్మంలోనే నిలబడ్డాను. నాకు యూనిఫారాలు కుట్టించే తల్లుల్లో సొంత ఇళ్ళున్న వాళ్ళు ఎంతమందో ఉన్నారు వదినా. ఆ వేళకి ఇంట్లో ఉండేవాళ్ళు నాకు తెలిసి ఒక్కరు లేరు.

వదిన


ప్రెస్సు, పైగది,
డిసెంబరు 10

వదినా,

ఒట్టు తప్పినందుకు సంతోషం. ఉద్యోగం పోయిన సాయంత్రమే అది నాకు రాసింది. మీరు కంగారుపడతారని మీకు చెప్పొద్దని నా చేత కూడా ఒట్టు వేయించుకుంది. ఈ రెండు నెలలూ మీకు రాసిన ప్రతి ఉత్తరంలోనూ ఆ మాట రాకుండా దిద్దుకుంటూ వచ్చాను. అంత జాగ్రత్తగా ఎవరి పుస్తకమూ దిద్దలేదు.

జీతం సంగతి నేనూ మింగేశాను. కానీ ఒక్క ప్రశ్న మాత్రం అడగకుండా ఉండలేకపోయాను. ఆ పెద్ద ఫ్లాటే కొని ఉంటే ఇప్పుడేం చేసేదానివే అని రాశాను. నిన్న జవాబు వచ్చింది. చిన్న కార్డు, మూలల్లో మట్టి వేలిముద్రలు. ఇలా రాసింది:

"ఈపాటికి ఇంకో ఆఫీసులో హెడ్‌ఫోను పెట్టుకుని కూర్చునేదాన్నమ్మా. ఇంకెవరి ఇంట్లోనో నీళ్ళు కారుతున్నాయని వాళ్ళు అరుస్తుంటే వింటూ. నా ఇంట్లో లైటు వేయడానికి ఎవరూ ఉండేవారు కాదు."

నాకు దిద్దడానికి ఏమీ కనబడలేదు.

శనివారం వస్తున్నాను. హాల్లో గోడవార చోటు నాకు వదలండి, నాకు కాస్త వినబడే చెవి అప్పుడు మీ వైపు ఉంటుంది.

వదిన